బేటీ కమాయి, అమ్మీ సందూక్

బేటీ తన తన్ఖా తెచ్చి అమ్మీ చేతిలో పెట్టడం మన ఇళ్లల్లో అదబ్. అది తప్పని నేననను. కానీ "అమ్మీ, ఆ పైసలేమైనయి?" అని బేటీ హిసాబ్ అడిగితే మాత్రం గుస్తాఖీ అంటున్నాం. నాకు నచ్చనిది ఇదే.

మూకీ సినిమాల కాలంలో అమెరికాలో మేరీ మైల్స్ మింటర్ అని పెద్ద తార ఉండేది. అసలు పేరు జూలియెట్ రైలీ. 1912లో, పదేళ్ల వయసులో, షికాగోలో నాటకాలాడడానికి బాలకార్మిక చట్టం అడ్డొచ్చింది. తల్లి షార్లట్ షెల్బీ ఏం చేసింది? ఇంతిఖాల్ అయిపోయిన ఓ చుట్టాల పిల్ల జనన పత్రం తెచ్చి, బిడ్డకు ఆ పేరే పెట్టేసింది. అంటే నామ్ కూడా బేటీది కాదు! ఆ తర్వాత కమాయి అంతా తల్లి చేతిలోకే. 1923 తర్వాత మింటర్ తెరను వదిలేసింది. 1925లో, నా కమాయికి లెక్క చెప్పమని కన్నతల్లి మీదే కోర్టుకెక్కింది. 1927లో పారిస్‌లోని అమెరికా కాన్సులేట్‌లో ఇద్దరూ రాజీ కాగితాల మీద దస్తఖత్ చేశారు. అమ్మీకీ బేటీకీ నడుమ కాన్సులేట్!

షెల్బీని జాలిమ్ అనేయడం ఆసాన్. భర్తకు దూరమై ఇద్దరు ఆడపిల్లల్ని సాకిన ఔరత్ ఆమె. రేపటి ఫికర్ ఉన్న చెయ్యి సందూక్ తాళం అంత తొందరగా ఇవ్వదు.

అదే జమానాలో మన దేశంలో ఫాత్మా బేగం ఉంది. కూతుళ్లు జుబేదా, సుల్తానా మూకీల్లో నటించారు. కానీ ఆ అమ్మీ తానూ కమాయించింది: 1922లో తెరకెక్కింది, 1926లో సొంత ఫిలిం కంపెనీ పెట్టి 'బుల్బులే పరిస్తాన్' తీసింది. (జుబేదానే 1931లో 'ఆలం ఆరా' హీరోయిన్, తర్వాత హైదరాబాద్ రాజా ధన్‌రాజ్‌గీర్‌ను చేసుకుంది.) సొంత కమాయి ఉన్న తల్లి వేరు, బిడ్డ తన్ఖా తప్ప వేరే సహారా లేని తల్లి వేరు.

మన దీన్‌లో యతీముల మాల్ సైతం వాళ్లు బాలిగ్ అయ్యాక గవాహుల ముందు అప్పజెప్పాలి. మెహర్ దుల్హన్ హక్, అమ్మీఅబ్బాలది కాదు. మరి కమాయి ఎవరి హక్?

మా కౌడిపల్లి లాంటి ఊళ్ల నుంచి ఆడపిల్లలు పట్నం నౌకరీలకు పోతున్నారు. ఇంటి కిరాయి, తమ్ముడి ఫీజు, అబ్బా దవాయి వాళ్ల మీదే. ఇవ్వనీయండి, సవాబే. కానీ బ్యాంకు పాస్‌బుక్ బేటీ పేరున, బేటీ దగ్గరే ఉండాలి. ఆమె జీతంతోనే సోనా కొని, షాదీనాడు "మా బేటీకి మేం పెట్టిన జహేజ్" అని దుల్హావాళ్లకు చూపిస్తే, పక్కనే తలవంచి కూర్చున్న దుల్హన్‌కు మాత్రం ఆ రసీదులన్నీ యాదికే ఉంటాయి.