ఇల్లు కొనుటయా, వడ్డీ కొనుటయా?



ఇల్లు కట్టి చూడు, పెండ్లి చేసి చూడు అని మన పెద్దలు చెప్పిన కాలమున ఇల్లు కట్టువాడు ఇటుకల లెక్క, సున్నపు లెక్క, కలప లెక్క చూచుకొనెడివాడు. నేడు పట్టణములలో మనలో పెక్కుమంది ఇల్లు కట్టుట లేదు, కొనుచున్నారు. కొనుటకు బ్యాంకునుండి అప్పు తెచ్చుచున్నారు. ఇటుకల లెక్కకంటె బరువైన వడ్డీ లెక్క యొకటి ఈ విధముగ మన నెత్తిమీద పడినది. పాలవాని పద్దును, చాకలి పద్దును పైసా తప్పకుండ వ్రాయగల గృహిణులు సైతము ఆ పెద్ద పద్దువైపు కన్నెత్తి చూడకుండుట నాకు మిక్కిలి విచారము కలిగించుచున్నది.

ఈ విచారమునకు కారణము మా యింటనే దొరకినది. గతమాసమున మా పినతల్లి కూతురు హైదరాబాదునుండి వచ్చి నాలుగు దినములు నాయొద్ద నుండెను. 2021 మొదట వారు మియాపూరు వైపున ఒక ఫ్లాటు కొనిరి. బ్యాంకువారు 40 లక్షలు అప్పిచ్చిరి. సాలునకు నూటికి 7 రూపాయల వడ్డీ, ఇరువదేండ్ల గడువు, నెలకు 31,012 రూపాయల వాయిదా. ఒకనాటి మధ్యాహ్నము ఆమె బ్యాంకువారి లెక్కపత్రమును నా చేతిలో పెట్టి, "అక్కయ్యా, ఐదేండ్లనుండి ఒక్క నెలయైనను తప్పక కట్టుచున్నాము. ఎంత తీరినదో చూచి చెప్పవా?" అని యడిగెను.

నేను చూచితిని. వారు కట్టిన సొమ్ము పదునెనిమిదిన్నర లక్షలు. అసలులో తరిగినది రెండున్నర లక్షలు కూడ లేదు. అంతేకాదు, ఇరువదేండ్లకు తీరవలసిన ఋణము ఇరువదియేడేండ్లకు సాగియున్నది. మా మరిదికి ఉద్యోగవిరమణ ఇంక పదునేడేండ్లకు. అప్పు తీరుట ఇంక ఇరువదిరెండేండ్లకు. ఆ నడుమ నైదేండ్లును వాయిదా యెవరు కట్టుదురు?

నా చెల్లెలు కొంతసేపు మాటాడలేదు. తుదకు, "మొదటి సొమ్ము చాలక నా గాజులు రెండు జతలు అమ్మితిమి. బ్యాంకు కాగితములమీద నేను గూడ సంతకము చేసితిని. దేనిమీద చేసితినో మాత్రము నాకు తెలియదు" అనెను.

సోదరులారా యని సంబోధించి ఈ మాటలు వ్రాయదగును గాని, సంతకము చేసినది మనము గూడ గనుక మీకే వ్రాయుచున్నాను.

ముందుగ వాయిదా యొక్క మర్మమును తెలిసికొందము. ఈఎంఐ అని మనమందరము పిలుచు ఈ వాయిదా ప్రతినెల ఒకే మొత్తముగ కనబడును గాని, దాని కడుపులో రెండు భాగములు గలవు. మిగిలియున్న అసలుపై ఆ నెలకు కావలసిన వడ్డీని బ్యాంకు మొదట తీసికొనును. మిగిలినదే అసలునకు జమయగును. 40 లక్షల ఋణమును, సాలునకు నూటికి 8.5 రూపాయల వడ్డీని, ఇరువదేండ్ల గడువును ఉదాహరణముగ తీసికొందము. నెలవాయిదా 34,713 రూపాయలు. మొదటినెల అందులో 28,333 రూపాయలు వడ్డీకి పోవును. అసలునకు చేరునది 6,380 రూపాయలు మాత్రమే.

అసలు తరిగినకొలది వడ్డీభాగము తగ్గి, అసలుభాగము పెరుగును. కాని ఆ పెరుగుట చింతచెట్టు ఎదిగినంత నెమ్మది. ఐదేండ్లలో మీరు దాదాపు 20.8 లక్షలు కట్టుదురు, అసలులో తరుగునది 4.75 లక్షలు. పదియేండ్లలో 41.6 లక్షలు కట్టుదురు, అనగా తెచ్చిన దానికంటె ఎక్కువ. అప్పటికిని ఇంక 28 లక్షలు బాకీ యుండును. వాయిదాలో వడ్డీకంటె అసలు ఎక్కువగుట పండ్రెండవ యేడు ముగియవచ్చునప్పుడు గాని జరుగదు. ఇరువదేండ్లు పూర్తియగునప్పటికి చెల్లించిన మొత్తము 83.3 లక్షలు. అందు వడ్డీయే 43.3 లక్షలు. ఒక ఇల్లు మనకు, ఒక ఇంటి వెల బ్యాంకునకు.

ఇందులో మోసమేమియు లేదు. పరుల సొమ్మును ఎన్ని దినములు వాడుకొందుమో అన్ని దినములకును బాడుగ యిచ్చుట న్యాయమే. తప్పు ఎక్కడనగా, ఆ బాడుగ మొత్తమెంతో అడుగకయే మనము "నెలకెంత?" అని మాత్రము అడుగుచున్నాము.

"నెలకెంత?" అను ప్రశ్నయే మనలను ముంచుచున్నది. ఆ 40 లక్షలనే ముప్పదియేండ్లకు తీసికొన్నచో వాయిదా 30,757 రూపాయలకు దిగును. నెలకు దాదాపు నాలుగువేలు మిగులునని సంతోషింతుము. కాని మొత్తము చెల్లింపు 1 కోటి 10 లక్షల 72 వేలగును. నెలకు నాలుగువేల సుఖమునకు ఇరువదియేడు లక్షలకు పైగా అదనపు వెల! పదునైదేండ్లకు తీసికొన్నచో వాయిదా 39,390 రూపాయలు, మొత్తము 70.9 లక్షలు. నెలకు 4,677 రూపాయలు కష్టపడి యెక్కువ కట్టినచో పండ్రెండు లక్షలకు పైగా మిగులును, అయిదేండ్లు ముందుగ ఋణవిముక్తి గలుగును. వడ్డీశాతము మన చేతిలో నుండదు. గడువు మాత్రము చాలవరకు మన చేతిలోనిదే.

మన తాతల కాలమున ఈ విషయమై ఒక చట్టము వచ్చినది. కోస్తా, రాయలసీమ జిల్లాలు చెన్నపట్టణము క్రింద నుండిన కాలమున, 1938 లో, రాజగోపాలాచారిగారి మంత్రివర్గము వ్యవసాయదారుల ఋణవిమోచన చట్టమును చేసెను. పాత యప్పులకు అసలుగానో వడ్డీగానో మొత్తముమీద అసలునకు రెట్టింపు సొమ్ము రైతు చెల్లించియుండినచో ఆ యప్పు పూర్తిగ తీరినట్లేయని అందొక నిబంధన కలదు. రెట్టింపే హద్దు అని నాటివారు తలంచిరి. నేటి గృహఋణమునకు అట్టి హద్దు లేదు. మన ఉదాహరణములో ఇరువదేండ్ల చెల్లింపే రెట్టింపును దాటినది. ఆ హద్దును నేడు మన గృహమునకు మనమే విధించుకొనవలెను.

ఇక నా చెల్లెలి గడువు ఏల సాగినది? వారిది మారుచుండు వడ్డీ, ఫ్లోటింగు రేటు అందురు. 2019 అక్టోబరు 1 తరువాత బ్యాంకులు ఇచ్చిన ఇట్టి గృహఋణముల వడ్డీ బయటి ప్రమాణమునకు, పెక్కింట రిజర్వు బ్యాంకువారి రెపో రేటునకు, ముడిపడియున్నది. 2022 మే మొదలు 2023 ఫిబ్రవరి వరకు ఆ రేటు 4 నుండి 6.5 శాతమునకు ఎక్కెను. మావారి వడ్డీ 7 నుండి 9.5 అయినది. బ్యాంకు వాయిదాను పెంచలేదు, గడువును పెంచినది. నెలకు కట్టు 31,012 రూపాయలలో ముప్పదివేలకు పైగా వడ్డీకే పోయి, అసలునకు వేయి రూపాయలైనను మిగులని నెలలు గడచినవి. 2025 లో రేటు తగ్గిన తరువాత గాని వారికి ఊపిరి తిరుగలేదు. వాయిదా మారలేదు గనుక ఇంటిలో నెవ్వరికిని అనుమానము రాలేదు.

ఇట్టి యిక్కట్లను చూచియే రిజర్వు బ్యాంకువారు 2023 ఆగస్టులో ఒక ఉత్తరువు నిచ్చిరి. వడ్డీ మారినప్పుడు వాయిదా పెంచవలెనో, గడువు పెంచవలెనో, రెండును కొంతకొంత పెంచవలెనో ఎంచుకొను అవకాశమును ఋణగ్రస్తులకు ఈయవలెను. ఆ మార్పు ఫలితమును వారికి తెలియజేయవలెను. ఈ హక్కు మనకున్నది. బ్యాంకునుండి వచ్చిన సందేశమును చదువక తొలగించువారికి మాత్రము అది యున్నను లేనట్లే.

ఇంటి వెలలో అప్పునకు వెలుపలి ఖర్చులును గలవు. ఆంధ్ర, తెలంగాణ రాష్ట్రములు రెండింటను స్టాంపు, బదిలీ, రిజిస్ట్రేషను రుసుములు కలిసి నూటికి ఏడున్నర వరకు నగును. ఈ సొమ్మును బ్యాంకులు సాధారణముగ ఇంటి వెలలో చేర్చి అప్పీయవు, చేతినుండి పెట్టవలెను. మన గాజులు కరగునది తరచుగ ఇక్కడనే. నిర్మాణములో నున్న ఫ్లాటునకు జీఎస్టీ యొకటి. ప్రాసెసింగు రుసుము మరియొకటి. ఋణముతో పాటు అంటగట్టు బీమా వేరొకటి. ఈ బీమా రుసుమును అప్పులోనే కలిపి యిచ్చుట యొక వాడుక. లక్షరూపాయల రుసుము అప్పులో కలిసినచో, 8.5 వడ్డీపై ఇరువదేండ్లకు రెండు లక్షల ఎనిమిదివేలుగ చెల్లింతుము. ఇల్లు నడుపువానికి బీమా అవసరమే. కాని దానిని బ్యాంకు చూపినచోటనే కొనవలెనని చట్టములో నిర్బంధము లేదు. విడిగ విచారించి కొనవచ్చును.

ఇదంతయు చదివి అప్పు చేయుటయే తప్పని తలంపవలదు. రూపాయి విలువ ఏటేట తరుగును, జీతము పెరుగును, ఇరువదవయేట కట్టు వాయిదా మొదటియేటి వాయిదా యంత బరువుగ తోచదు. అద్దె మిగులును. ఇల్లుగలామె యను ధైర్యమునకు వెల కట్టలేము. ఆదాయపు పన్నులో రాయితీ కలదని కొందరు చెప్పుదురు గాని, స్వయముగ నివసించు ఇంటి వడ్డీకి ఆ రాయితీ పాతపద్ధతిలో పన్ను కట్టువారికే, సాలునకు రెండు లక్షల వరకే, కొత్తపద్ధతిలో లేదు. లాభములను, నష్టములను ఒకే కాగితముమీద వ్రాసి చూచుకొనుడని మాత్రమే నా మనవి.

సంతకమునకు ముందు చేయదగిన పనులు చెప్పెదను.

మొదటిది, "నెలకెంత?" అని యడుగుటకు ముందు "మొత్తమెంత?" అని యడుగుడు. 2024 అక్టోబరు 1 నుండి కొత్త ఋణములకు ముఖ్యాంశముల పత్రము, కీ ఫ్యాక్ట్స్ స్టేట్‌మెంటు, ఈయవలెనని నియమమున్నది. రుసుములతో కూడిన నిజమైన వార్షిక వ్యయము అందులో నుండును. దానిని ఇంటికి తెచ్చి తీరికగ చదువుడు.

రెండవది, సాలునకు ఒక వాయిదా అదనముగ కట్టుటకు పూనుకొనుడు. బోనసు వచ్చినప్పుడో, పంట సొమ్ము వచ్చినప్పుడో, చీటీ పాడినప్పుడో కట్టవచ్చును. మన ఉదాహరణములో ఇట్లు చేసినచో అప్పు మూడేండ్లకు పైగా ముందుగ తీరును. ఎనిమిది లక్షలకు పైగా వడ్డీ మిగులును. మారుచుండు వడ్డీగల వ్యక్తిగత గృహఋణమును ముందుగ తీర్చినందుకు బ్యాంకులు అపరాధరుసుము తీసికొనరాదని 2012 నుండియే నియమము గలదు. అదనపు సొమ్ము కట్టునప్పుడు వాయిదాను గాక గడువును తగ్గింపుడని స్పష్టముగ వ్రాసి యీయవలెను. వడ్డీశాతము తగ్గినప్పుడును పాత వాయిదానే కొనసాగించుడు. అయితే ఆరునెలల ఇంటి ఖర్చు చేతనుంచుకొనక, ఉన్నదంతయు ఊడ్చి బ్యాంకులో పోయవలదు. జబ్బు చెప్పి రాదు.

మూడవది మనకు మిక్కిలి ముఖ్యము. అప్పుకాగితముమీద సహఋణగ్రస్తురాలుగ సంతకము చేసినయామె ఆ యప్పునకంతటికిని బాధ్యురాలు, సగమునకు గాదు. వాయిదాలు నిలిచిపోయినచో 2002 నాటి చట్టము ననుసరించి అరువదిదినముల నోటీసిచ్చి, న్యాయస్థానమునకు పోకయే ఇంటిని స్వాధీనము చేసికొను అధికారము బ్యాంకునకు గలదు. బాధ్యత ఇంత యుండగా, క్రయదస్తావేజులో ఆమె పేరు లేనిచో ఇల్లు ఆమెది గాదు. అప్పులో పేరుండుట వేరు, ఆస్తిలో పేరుండుట వేరు. మీ గాజులు ఏ యింటి గోడలలో కలిసినవో ఆ యింటి దస్తావేజులో మీ పేరున్నదో లేదో నేడే చూచుకొనుడు.

కడపటిది, అప్పు తీరిన దినమున నిశ్చింతగ నిదురింపక, తాకట్టు పెట్టిన దస్తావేజులను తెచ్చుకొనుడు. ముప్పదిదినములలో వానిని తిరిగి యీయవలెననియు, తమ తప్పువలన ఆలస్యమైనచో దినమునకు 5,000 రూపాయలు పరిహార మీయవలెననియు 2023 డిసెంబరు 1 నుండి నియమము.

నా చెల్లెలు ఊరికి పోవుచు ఆ లెక్కపత్రమును మడిచి సంచిలో పెట్టుకొనెను. పదిదినములకు ఉత్తరము వచ్చినది. దంపతు లిరువురును బ్యాంకునకు పోయిరట. వాయిదాను నెలకు ఆరువేలు పెంచి, మరిది ఉద్యోగవిరమణకు ముందే ఋణము తీరునట్లు వ్రాయించుకొనిరట. "ఆరువేలు కష్టమే అక్కయ్యా. కారు కొనుట మానితిమి. కాని ఈ మారు సంతకము చేయుటకు ముందు ప్రతి పుటయు నేను చదివితిని" అని వ్రాసినది. దస్తావేజు సంగతి అడిగితిని. అందు మా మరిది పేరొక్కటే యున్నదట. ఆ మాట ఇంటిలో కదల్చుటకు ఆమె ఇంకను సమయము చూచుచున్నది.

మీలో నెవరైనను ఇట్టి లెక్కపత్రమును బీరువా అడుగున దాచియుంచినచో, ఈ సంచిక మూసినవెంటనే దానిని వెలుపలికి తీయుడు. ఇంక ఎన్నియేండ్లు, ఇంక ఎంత, ఎవరి పేరున, అను మూడు మాటలు మీ పద్దుల పుస్తకములో వ్రాసికొనుడు. మీ గృహములు మీవే యగుగాక.