క్లివియా తొట్లు పంచేముందు ఒక మాట



ఉగాది సభలో ఇంటికొక క్లివియా తొట్టి ఇద్దామని మన గ్రూపులో అనుకుంటున్నారు. ఫోటోలో ఆ నారింజరంగు పూలగుత్తి చూసి నేనూ ముచ్చటపడ్డాను. కానీ వేలూరు, కాట్పాడి, ఆర్కాటు సభ్యులకు మాత్రం అది వద్దండీ.

మా ఇంట్లో జరిగిందే చెబుతాను. కూనూరులో పనిచేసేటప్పుడు క్వార్టర్స్ వరండాలో మా ఆవిడ ఒక క్లివియా పెంచింది. ఏటా మాఘ, ఫాల్గుణాల్లో పూసేది. రిటైరై కాట్పాడి వస్తూ సామానుతో పాటు దాన్నీ తెచ్చుకున్నాం. ఆరేళ్లు చూశాం. ఆకులు ముదురుపచ్చగా నిగనిగలాడేవి, పువ్వు మాత్రం లేదు. ఒక ఏడు కాడ కనిపించింది గానీ ఆకుల మధ్యే ఇరుక్కుని అక్కడే వాడిపోయింది. ఆవిడ ఎరువు మార్చింది, తొట్టి మార్చింది, చివరికి తన చెయ్యే మంచిది కాదేమో అనడం మొదలుపెట్టింది. ఆ మాట నాకు ఇప్పటికీ గుచ్చుకుంటుంది.

లోపం చేతిది కాదు. క్లివియా దక్షిణాఫ్రికా అడవుల నీడలో పుట్టిన మొక్క. చలికాలంలో 6 నుంచి 8 వారాలు, 10, 12 డిగ్రీల చలిలో, నీళ్లు బాగా తగ్గించి పడుకోబెడితేనే కాడ సరిగా పైకి లేస్తుంది. సుమారు 1,850 మీటర్ల ఎత్తున్న కూనూరులో ఆ పని ధనుర్మాసమే చేసిపెట్టేది. కాట్పాడిలో ధనుర్మాసం తెల్లవారుజామున కూడా మేము ఫ్యాన్ ఆపం.

(పేరు సంగతి వింతగా ఉంటుంది. 1828లో లిండ్లీ అనే శాస్త్రవేత్త ఈ పేరు పెట్టింది క్లైవ్ వంశపు ఆడపడుచు గౌరవార్థం. ఆర్కాటు ముట్టడి రాబర్ట్ క్లైవ్‌కు ఆమె మనవరాలు. తండ్రి మద్రాసు గవర్నరు, ఆమె చిన్నతనంలో కొంతకాలం ఇక్కడే గడిచింది. పేరుకు మన ఊళ్లతో చుట్టరికం ఉంది, మొక్కకే మన ఎండ పడదు.)

నీలగిరి సభ్యులకు తప్పకుండా ఇవ్వండి. వెలుతురుండాలి, ఎండ తగలకూడదు, తగిలితే ఆకు మాడుతుంది. తొట్టిలో వేర్లు ఇరుకైతేనే బాగా పూస్తుంది, కాబట్టి మూడు నాలుగేళ్లు తొట్టి మార్చొద్దు. కాడ జానెడు లేచేదాకా నీళ్లు పెంచొద్దు. మొక్కంతా విషం, పిల్లలు నోట పెట్టుకోకుండా చూడాలి. విత్తనం మొలకలు కొనకండి, పూతకు నాలుగైదేళ్లు పడుతుంది.

మా తొట్టిని పోయిన ఏడు కూనూరులోని పాత సహోద్యోగికి పంపేశాం. ఈ మాఘంలో పూసిందని ఫోటో పెట్టాడు. ఆవిడ ఫోను చాలాసేపు పట్టుకుని చూసింది.

మైదానం సభ్యులకు నందివర్ధనమో కనకాంబరమో ఇద్దాం. కమిటీ ఆర్డరు ఇచ్చేలోపు ఆలోచించండి.