ఒక గుర్రము పేరు, ఒక తాళముకప్ప

విరుదునగరము జిల్లాలో రాజపాళయము, శివకాశి, కోవిల్పట్టి అను మూడు పట్టణముల నడుమ, నల్లరేగడి చేల మధ్య, ఆలంగుళమను చిన్న ఊరు కలదు. తమిళనాడు ప్రభుత్వపు సిమెంటు కర్మాగారము వలన నలుగురికి తెలిసిన ఊరే గాని, ఆ చుట్టుప్రక్కల పల్లెలలో తరతరములుగా ఇంట తెలుగు మాటలాడుచు, బడిలో తమిళము చదువుకొనుచు, తెలుగక్షరమును బస్సు పలక మీదనైనను చూడక పెరిగి పెద్దవారైన కుటుంబములు పెక్కు గలవని మన పాఠకులలో ఎందరికో తెలియదు. ఆ కుటుంబములలో ఒకటి మాకు చుట్టము.

గత వేసవిలో ఒక పెండ్లికై అక్కడికి పోయి, మధ్యాహ్నపు టెండకు గడప దాటలేక మా పినతండ్రి మునిమనుమని గదిలో చేరగిలబడి యుండగా, కోవిల్పట్టిలో ఇంజనీరింగు చదువుచున్న ఆ పిల్లవాడు ఒక తెల్లని పెట్టెను ముందుంచుకొని, కన్నార్పక ఏదో పని చేయుచుండెను. అది నింటెండో కంపెనీ వారి వీ అను ఆటపెట్టె. 2006వ సంవత్సరమున అంగడికి వచ్చి, లోకమున పదికోట్లకు పైగా అమ్ముడుపోయిన ఆ యంత్రమును అమెరికాలోనున్న వాని మేనమామ ఏనాడో పెట్టెలో సర్ది తెచ్చినాడు. దానితో తెచ్చిన ఆటల డిస్కులు ఏడు. అన్నియు డబ్బిచ్చి కొన్నవే, రసీదులు కూడ అట్టపెట్టెలలో మడిచి పెట్టబడి యున్నవి. రేగడి ధూళి చొరని యిల్లు ఆ ప్రాంతమున లేదు గనుక, డిస్కును చదువు కటకము మసకబారి, గ్రుడ్డివాడు తడవుకొన్నట్లు ఆ యంత్రము ఒక్కొక్క డిస్కును తడవుకొనుచుండెను.

"కన్ను పోయింది తాతా. పది తూర్లు పెడితే ఒక తూరి చదవతాది. అది పూరా చచ్చేలోపల అన్నీ హార్డ్‌డిస్కులోకి ఎక్కించేయాల" అని పిల్లవాడు తల ఎత్తకయే చెప్పెను.

వాడు చేయుచున్నది తప్పా, ఒప్పా? ఆ ప్రశ్న నన్ను మూడు దినములు వదలలేదు. న్యాయశాస్త్రమున నాకు పాండిత్యము లేదు, ఆటలలో అంతకంటె లేదు. అయినను కొంత చదివి, కొంత విని, ఒక నిశ్చయమునకు వచ్చితిని. వాడు చేయుచున్నది ఒప్పు. అంతటితో ఆగక, అట్టి పనిని మన గ్రంథాలయములు చేయకుండుటయే తప్పని కూడ చెప్పదలచితిని.

మొదట తాళము సంగతి. ఈ ఆటపెట్టెలను చేయువారు తమ ముద్ర లేని ఏ ప్రోగ్రామును అవి నడుపకుండునట్లు లోపల తాళము వేసి విక్రయింతురు. కొన్నవాడు తన యింటిలో, తన సొమ్ముతో కొన్న యంత్రమునందు తాను వ్రాసిన చిన్న లెక్కల ప్రోగ్రామునైనను నడుపుకొనలేడు. ఈ కట్టడిని తప్పించుకొని ఎవరికి వారు వండి వడ్డించుకొను ప్రోగ్రాములకే హోంబ్రూ అని పేరు. మన మాటలో చెప్పవలెనన్న ఇంటివంట. వీ యంత్రపు తాళము 2008లో తెరువబడిన విధము కథవలె నున్నది. ఒక ప్రసిద్ధమైన ఆటలో వీరుని గుర్రమునకు ఆడువాడు తన కిష్టమైన పేరు పెట్టుకొనవచ్చును. ఆ పేరునకు ఇన్ని అక్షరములకే చోటని ఆట వ్రాసినవారు నిర్ణయించిరి గాని, దాచిపెట్టిన ఆటను మరల తెరచునపుడు ఆ పేరెంత పొడవున్నదో కొలిచి చూచుట మరచిరి. ఇది కనిపెట్టినవారు దాచిన ఆటలో గుర్రమునకు చాంతాడంత పేరు పెట్టిరి. చోటు చాలని ఆ పేరు ప్రక్కగదిలోనికి పొర్లి, యంత్రమునకు ఆజ్ఞయై కూర్చుండెను. కోట తలుపులన్నియు ఇనుపవి. ఒక గుర్రము పేరు కొలువని కారణమున కోట తెరువబడినది.

కంపెనీవారు ఆ కంత పూడ్చిరి. 2011లో వేరొక కంత దొరకినది. మా పిల్లవాడు వాడినది ఈ రెండవది. ఎస్‌డీ కార్డును పెట్టి, యంత్రపు సందేశముల పలకను తెరువగా, అందులో బాంబు బొమ్మగల ఎర్రని కవరొకటి ప్రత్యక్షమయ్యెను. శివకాశికి కూతవేటు దూరమున బాంబు బొమ్మను చూచి ఎవరు భయపడుదురు? వాడు దానిని నొక్కెను. తెర నల్లబడి, తెల్లని అక్షరములతో ఒక హెచ్చరిక వచ్చెను: ఈ సాధనమునకు మీరు డబ్బు చెల్లించి యుందురేని మోసపోయితిరి, మీ డబ్బు మీరు వెనుకకు అడుగుడని దాని భావము. తాళము తీసినవారే, తమ పనిని ఎవరును అమ్ముకొనరాదని తలుపు మీద వ్రాసిపెట్టిరన్న మాట. దొంగలకుండు లక్షణము కాదిది.

తరువాత వాడు చేసిన మొదటి పని ఆటను ఎక్కించుట కాదు. యంత్రపు లోపలి జ్ఞాపకశాల, 512 మెగాబైట్లు, మొత్తముగా నకలు తీసి కార్డుమీద దాచెను. ఎందుకనగా ఈ పనిలో ఒక్క అడుగు తప్పినచో యంత్రము "ఇటుక" అయిపోవునట, అనగా కదలక మెదలక పడియుండునట. సిమెంటు కర్మాగారపు ఊరిలో ఇటుక అశుభపదము కాదు గాని, వాని ముఖమున మాత్రము చెమట పట్టెను. పిమ్మట ఒక్కొక్క డిస్కును పెట్టి, తీసి, తుడిచి, మరల పెట్టి, చదివినంతమట్టుకు చదివించుచు నకళ్లు తీసెను. ఒక్కొక్క డిస్కు నాలుగు గిగాబైట్లకు పైబడి యుండును. పాత పద్ధతిని విభజింపబడిన హార్డ్‌డిస్కు నాలుగు గిగాబైట్లకు మించిన ఫైలును మ్రింగలేదు గనుక, దానిని రెండు కబళములు చేసి పెట్టవలెను. ప్రొద్దుగూకునప్పటికి ఏడింట ఆరు ఎక్కినవి. ఏడవది చదువబడలేదు. వాడు దానిని కిటికీ వెలుతురునకెత్తి గీతను చూచి, మారుమాటాడక అట్టపెట్టెలో పెట్టివేసెను.

ఆ రాత్రి నాకు తోచిన దేమనగా, వాడు కొత్తపని యేమియు చేయలేదు. తాటియాకు రెండు మూడు వందల యేండ్ల కంటె ఎక్కువ బ్రతుకుట అరుదు. మన కావ్యములు నేటివరకు వచ్చినవన్న, ప్రతి తరమందును ఎవడో ఒక వ్రాయసగాడు పురుగుపట్టిన ప్రతిని ముందు పెట్టుకొని, క్రొత్త ఆకు మీద గంటము నడుపుట వలననే వచ్చినవి. వేమన పద్యములను 1829లో అచ్చు వేయించిన బ్రౌను దొర జీతములిచ్చి పండితులను, వ్రాయసగాండ్రను పెట్టి ప్రతులు వ్రాయింపకున్న యెడల మనకు మిగులునవి ఎన్ని? ఆ వ్రాయసగాండ్రు ప్రతి చివర తమ పేరు, ఊరు వ్రాసికొని, నేను చూచినదానినే వ్రాసితిని, తప్పులున్న నన్ను నిందింపకుడని వేడుకొనుట ఆచారము. ఆ ప్రాంతపు తెలుగువారి సంగతియు ఇంతే. కోవిల్పట్టి దాపున ఇడైసేవలులో పుట్టిన కి. రాజనారాయణన్ ఇంటి భాష తెలుగు. తమ పెద్దలు ఉత్తరమునుండి తరలివచ్చిన ముచ్చటలను నోటిమాటగా విని, తమిళములో నవలలుగా వ్రాసి, వానిలో నొకదానికి 1991లో కేంద్ర సాహిత్య అకాడమీ బహుమానము పొందెను. ఆయన వ్రాయకున్న ఆ ముచ్చటలు వానిని చెప్పిన ముసలమ్మలతోనే పోయియుండును.

ఇక చట్టము మాట. మన దేశపు కాపీరైటు చట్టము 1957 నాటిది. అందు 52వ విభాగమున, న్యాయముగా ఒక కంప్యూటరు ప్రోగ్రామును పొందినవాడు అది పోకుండ, చెడకుండ తాత్కాలిక రక్షణకై నకలు ప్రతిని తీసికొనుట నేరము కాదని స్పష్టముగా నున్నది. సొంత ప్రతినుండి వ్యాపారేతరమైన స్వంత ఉపయోగమునకు నకలు తీసికొనుట కూడ నేరము కాదని 1999 నాటి సవరణ చేర్చినది. ఆటయందు సంగీతమున్నది, చిత్రములున్నవి, అది ప్రోగ్రాము మాత్రమే కాదు గదా యని న్యాయవాదులు వాదింపవచ్చును. వాదించుట వారి వృత్తి. తాళమును తీయుట మాట కూడ 2012లో చేర్చిన 65ఏ విభాగము చెప్పుచున్నది: హక్కును హరింపవలెనను ఉద్దేశముతో తాళము తీసినవానికి రెండేండ్లవరకు కారాగారము, జరిమానా, చట్టము నిషేధింపని ప్రయోజనమునకు తీసినవానికి ఏమియు లేదు. అమెరికాలో 1998 నాటి చట్టము తాళము తీయుటనే నేరముగా నెంచి, మూడేండ్ల కొకసారి కొన్ని మినహాయింపులను దయచేయును. మన శాసనకర్తలు మనస్సును చూడుమనిరి. నా మట్టుకు ఇది మెచ్చదగిన విషయము. ఇంకొక వింత నియమము కూడ కలదు. ఒకనికి తాళము తీసిపెట్టిన వేరొకడు, ఎవరికి, ఏ చిరునామా వారికి, ఎందుకు తీసితినో పుస్తకములో వ్రాసియుంచవలెనట. సెల్‌ఫోను మరమ్మతుల అంగళ్లలో అట్టి పుస్తకమును నేనెన్నడును చూడలేదు.

ఇంతవరకు పిల్లవాని పక్షమున మాటలాడితిని; ఇప్పుడు వాని స్నేహితుల మీద కొంత కోపపడవలసియున్నది. బ్యాకప్ అను మంచి మాటను చెడగొట్టినవారు వీరే. ఎన్నడును కొనని ఆటను ఎక్కడినుండియో దింపుకొని, దానిని కూడ బ్యాకప్ అనుచున్నారు. ముందు ప్రతి లేనిదే వెనుక ప్రతి యెట్లు కలుగును? అన్నప్రాశన కానివానికి షష్టిపూర్తి చేసినట్లున్నది. వందలకొలది ఆటలు నింపిన హార్డ్‌డిస్కును బల్లమీద పెట్టి అమ్ము అంగడివాడును ఆ మాటనే వాడుచున్నాడు. దొంగనకళ్లను నడుపు సాధనములను పెద్దయెత్తున అమ్మిన ముఠాలో పనిచేసిన ఒకనికి అమెరికా న్యాయస్థానము 2022లో నలుబది నెలల శిక్ష విధించినది. శిక్ష ఎక్కువా తక్కువా యన్నది వేరు సంగతి. నేరము మాత్రము నేరమే.

అయినను ఈ విషయమున మనము మరీ గొంతు పెంచుట తగదు. 1990లలో మన పట్టణములలోని పిల్లలు టీవీ గేము అని ముద్దుగా పిలిచి ఆడిన పెట్టెలలో పెక్కు అసలు కంపెనీ అనుమతి లేని నకళ్లే. తొమ్మిదివేల తొమ్మిదివందల తొంబదితొమ్మిది ఆటలని పైన వ్రాసి, లోపల పదియో పదునైదో ఆటలను మార్చి మార్చి చూపిన ఆ క్యాసెట్లతోనే ఒక తరము మారియోను ఎరిగినది. నకలులో నీతి సున్నితమైనదని తాళము తీసినవారికి కూడ తెలిసివచ్చినది. వీ యంత్రపు హోంబ్రూ సాధనమును వ్రాసినవారు 2025లో దాని పనికి స్వస్తి చెప్పుచు, తాము ఆధారపడిన ఒక ప్రోగ్రాముల సంపుటిని కూర్చినవారు అందులో వేరొకరి ప్రోగ్రామును వారి పేరు చెరిపి చేర్చిరని ఆరోపించిరి. నకలు తీసినందుకు వారికి కోపము రాలేదు. పేరు చెరిపినందుకు వచ్చినది. తాటియాకు చివర తన పేరు వ్రాసికొన్న వ్రాయసగానికి ఈ కోపము అర్థమై యుండెడిది.

ఇప్పుడు మన యింటి సంగతికి వత్తును. 2009వ సంవత్సరమున హైదరాబాదులోని అరోనా టెక్నాలజీస్ అను సంస్థ సోనీ ప్లేస్టేషన్ 2 కొరకు "హనుమాన్: బాయ్ వారియర్" అను ఆటను నిర్మించినది. పూర్తిగా మన దేశములోనే తయారై ప్లేస్టేషన్ మీదికెక్కిన మొదటి ఆట యని దానికి పేరు. అంజనీపుత్రుని చేతికి గద యిచ్చి, ఆడువాని బొటనవ్రేలి కింద నడిపించుట దేవుని అవమానించుటే యని అమెరికాలోని ఒక హిందూ సంఘనాయకుడు దానిని వెనుకకు తీసికొమ్మని కోరెను కూడ. అదే సంవత్సరము హైదరాబాదుకే చెందిన గేమ్‌శాస్త్ర సంస్థ కబడ్డీ, బిళ్లంగోడు, గాలిపటముల వంటి వీథి ఆటలతో "దేశీ అడ్డా" అను నింకొక ఆటను చేసినది. ఆట గొప్పదా, సామాన్యమైనదా యన్నది నాకు ముఖ్యము కాదు. తెలుగునాట మొదట అచ్చయిన పుస్తకములన్నియు గొప్పవియా? అచ్చయినవి గనుక దాచితిమి.

పదిహేను కోట్లకు పైగా అమ్ముడుపోయిన ప్లేస్టేషన్ 2 తయారీ 2013 నాటికి ఆగిపోయినది. పాత యంత్రముల కండ్లు ఒక్కొక్కటిగా మూతపడుచున్నవి. నింటెండో వారు వీ యంత్రపు ఆన్‌లైన్ అంగడిని 2019 జనవరి 30న మూసిరి; దాని తరువాతి యంత్రపు అంగడిని 2023 మార్చిలో మూసిరి. అమెరికాలో వెలువడిన పాత ఆటలలో నూటికి ఎనుబదియేడు నేడు అంగటిలో దొరకవని అచ్చటి ఆటల చరిత్ర పరిరక్షణ సంస్థ 2023లో లెక్క తేల్చినది. హనుమంతుని ఆటను నేడు ఆడదలచినవాడు పాత డిస్కు నెక్కడనో వెదకి, మా పిల్లవానివలె నకలు తీసి ఆడుకొనవలసినదే. అది వాని యోపిక మీద, వాని యంత్రపు కంటి మీద ఆధారపడిన పరిరక్షణ. ఒక జాతి తన చేతిపనిని దాచుకొను విధానము ఇది కారాదు.

కావున ప్రభుత్వమును, గ్రంథాలయాధికారులను నేను కోరునది స్వల్పము. మన దేశమున తయారై అమ్మబడు ప్రతి ఆట యొక్క ఒక ప్రతిని, తాళము లేకుండ, ఒక గ్రంథాలయమునకు అప్పగింపవలెనని నియమము చేయుడు. అమ్ముట మానిన నాడు చదువరులకు దానిని తెరచి చూపుటకు అనుమతి నిండు. ఇందువలన ఏ కంపెనీకిని ఒక్క రూపాయి నష్టము లేదు.

ఈ నియమము పుస్తకముల విషయమున క్రొత్తది కాదు. 1954లో చేసి, రెండేండ్ల తరువాత పత్రికలకు కూడ విస్తరించిన చట్టము ప్రకారము, శివకాశిలో అచ్చయిన పుస్తకమైనను, మీరిప్పుడు చేతబట్టుకొన్న ఈ పత్రికయైనను, కలకత్తాలోని జాతీయ గ్రంథాలయమునకును, మదరాసు కన్నెమరా మొదలగు మరి మూడింటికిని చేరవలసియున్నది. హైదరాబాదు హనుమంతుని డిస్కును పంపుమని ఏ చట్టమును ఎవరిని అడుగలేదు.