కెమెరా ఎవడి చేతిలో ఉంటే కథ వాడిదే

దళితుల బతుకులు సినిమా తీస్తే ఎవడు చూస్తాడని అడిగేవాళ్లకు మేం ఒక్క పేరు చెబుతాం: నాగరాజ్ మంజుళే. మహారాష్ట్ర, షోలాపూర్ జిల్లా, జేవూర్ ఊరివాడు. పుట్టింది వడార్ కులంలో. అంటే రాళ్లు కొట్టి బతికే మన వడ్డెరలే. ఇతని 'సైరాట్' 2016లో వచ్చి, అప్పటిదాకా మరాఠీలో ఏ సినిమాకూ రానంత డబ్బు రాబట్టింది. చూసినవాళ్లెవరు? మన జనమే!

ఇతను కథ రాస్తాడు, డైరెక్షన్ చేస్తాడు, వేషం కడతాడు, నిర్మాతగానూ నిలబడతాడు. పేపర్లవాళ్లు దీన్ని బహుముఖ ప్రజ్ఞ అంటారు. మేం అవసరం అంటాం. సినిమాలో ప్రతి పనికీ ఒక గడప ఉంది, ప్రతి గడపకూ ఒక కులం కాపలా ఉంది. కథ మనం రాస్తే డైరెక్టరు దిద్దుతాడు. డైరెక్షన్ మనం చేస్తే డబ్బు పెట్టినవాడు కోస్తాడు.

రుజువు కావాలా? 'సైరాట్'లో పాటిల్ ఇంటి పిల్ల, చేపలు పట్టే ఇంటి కుర్రాడు ప్రేమించుకుని హైదరాబాద్ పారిపోయి వస్తారు. కులం వెంటాడి చంపుతుంది. అదే కథను 2018లో 'ధడక్' అని హిందీలో తీశారు. కులం పేరుకే మిగిలింది. కథను కొనుక్కున్నారు, అందులోని నిజాన్ని మాత్రం వద్దన్నారు.

2013 నాటి 'ఫాండ్రీ' చూడండి. కైకాడీ భాషలో ఆ మాటకు అర్థం పంది. పందిని తరుముతున్న కుటుంబం బడిలో జనగణమన వినబడగానే ఎక్కడివాళ్లక్కడ నిలబడిపోతుంది. చచ్చిన పందిని మోసుకుపోతుంటే వెనక బడిగోడ మీద అంబేడ్కర్ బొమ్మ. చివరికి ఆ పిల్లాడు విసిరిన రాయి సూటిగా మన మీదికే వస్తుంది. ఇదే అగ్రకులపోడు తీసుంటే? దయగల దొరొకడు దిగి ఆ పిల్లాడి కన్నీళ్లు తుడిచేవాడు!

మరి మనం ఏం చేస్తున్నాం? హీరోల కటౌట్లకు పాలు పోస్తున్నాం. వాళ్ల కులాల కోసం మన తలకాయలు పగలగొట్టుకుంటున్నాం. టిక్కెట్టు డబ్బు మనది, తెర వాళ్లది!

ఒక్క మంజుళే చాలడు. ఏప్రిల్ 14కు ప్రతి వాడలో గోడకు తెల్లగుడ్డ కట్టి 'ఫాండ్రీ' ఆడించండి. చూశాక పిల్లల్ని కూర్చోబెట్టి మాట్లాడించండి. కథ రాయడం, కెమెరా పట్టడం, ఎడిటింగ్, లెక్కలు చూడటం, అన్నీ మన పిల్లలు నేర్వాలి. ఒక్క పని వదిలినా ఆ గడప దగ్గరే మన కథను ఆపేస్తారు.