‘ఆడి’ అంటే ఎవడిది?

సంక్రాంతికి ఊరెళ్లినప్పటి సంగతి ఇది. మాది పాలకొల్లు దగ్గర ఓ పల్లెటూరు. భోగి నాడు సాయంత్రం మా వీధిలోకి తెల్ల కారొకటి వచ్చి ఆగింది. ముందు నాలుగు రింగులు. చివరింటి వాళ్ల అల్లుడు కొత్తగా కొన్నాడట. అరుగు మీద కూర్చున్న మా తాతయ్య కళ్లు చికిలించి చూశాడు.

‘‘ఏం కారురా అది?’’

‘‘ఆడి కారు తాతయ్యా.’’

‘‘ఆడి కారేనని నాకూ తెలుసు. ఏం కారని అడుగుతున్నా.’’

మా గోదావరి వాళ్లకి ఇది విడమరిచి చెప్పక్కర్లేదు. మిగతావాళ్ల కోసం చెబుతున్నా. మా వైపు ‘వాడు’ని ‘ఆడు’ అంటాం. కాబట్టి ‘ఆడి కారు’ అంటే వాడి కారు. కంపెనీ పేరే ఆడి అని తాతయ్యకి అర్థమయ్యేలా చెప్పడానికి నాకు ఐదు నిమిషాలు పట్టింది. అంతటితో వదిలాడా? ‘‘సరే, పేరన్నాక ఓ అర్థం ఉంటుంది కదా. ఏంటి దాని అర్థం?’’ అన్నాడు.

నాలుగేళ్లు ఇంజినీరింగ్ చదివాను. ఆరేళ్లుగా సాఫ్ట్‌వేర్‌లో ఉన్నాను. మా ఆఫీసు పార్కింగ్‌లో రోజూ ఆ నాలుగు రింగుల్ని చూస్తూనే లిఫ్ట్ ఎక్కుతాను. కానీ అర్థం మాత్రం తెలీదు. ‘‘కనుక్కుని చెప్తాలే తాతయ్యా’’ అని తప్పించుకున్నాను. ఆ రాత్రి చదవడం మొదలుపెడితే రెండింటిదాకా నిద్రపోలేదు. అంత కథ ఉంది ఆ నాలుగక్షరాల పేరు వెనకాల.

ముందు అర్థం చెప్పేస్తాను. ‘ఆడి’ లాటిన్ మాట. జర్మన్లు ‘ఔడి’ అని పలుకుతారు. దానర్థం ‘విను’. అంతే. ఆడియో, ఆడియన్స్, ఆడిటోరియం అంటాం చూడండి, అవన్నీ ఈ వేరు నుంచి వచ్చినవే. చివరికి మన అకౌంట్స్ వాళ్ల ఆడిట్ కూడా! పూర్వం లెక్కలు పైకి చదువుతుంటే పెద్దవాళ్లు కూర్చుని వినేవారు కాబట్టి దానికా పేరు వచ్చింది. తమాషా ఏమిటంటే, ‘ఆడి’ అనేది వస్తువు పేరూ కాదు, మనిషి పేరూ కాదు. అదొక ఆజ్ఞ. ఎదుటి మనిషితో ‘విను’ అని చెప్పడం.

మరి కార్ల కంపెనీకి ‘విను’ అని పేరు పెట్టడమేంటి?

దానికి 1868లో పుట్టిన ఔగుస్ట్ హోర్ష్ అనే ఆయన దగ్గరికి వెళ్లాలి. జర్మనీలో మోజెల్ నది ఒడ్డున వినింగెన్ అనే ఊరు ఆయనది. వాళ్లది కమ్మరి కుటుంబం. కొలిమి దగ్గరే పని నేర్చుకున్నాడు. తర్వాత మిట్వైడాలో ఇంజినీరింగ్ చదివాడు. 1896లో మాన్‌హైమ్‌లో కార్ల్ బెంజ్ దగ్గర చేరాడు. అవును, మోటారు కారుకి ఆద్యుడనే ఆ బెంజే. మూడేళ్లు అక్కడ పనిచేసి, 1899 నవంబరులో కొలోన్ నగరంలో సొంత కంపెనీ పెట్టుకున్నాడు. దానికి తన ఇంటిపేరే పెట్టాడు. 1901లో మొదటి కారు బయటికొచ్చింది. 1904కల్లా కంపెనీ త్స్వికావ్ అనే ఊరికి మారి, వాటాదారుల కంపెనీ అయింది.

ఇక్కడే చిక్కొచ్చింది. డబ్బు పెట్టినవాళ్లు బోర్డులో ఉంటారు కదా. హోర్ష్‌కి ఎంతసేపూ ఇంకా మంచి ఇంజిన్ చేయాలని, పోటీల్లో గెలవాలని. బోర్డు వాళ్లకి లెక్కలు. గొడవలు ముదిరి ముదిరి, 1909లో తను పెట్టిన కంపెనీ నుంచి తనే బయటికి రావాల్సి వచ్చింది. అప్పటికి ఆయన వయసు నలభై.

నెల తిరక్కుండానే అదే ఊళ్లో ఇంకో కంపెనీ పెట్టాడు. దానికీ హోర్ష్ అనే పేరు పెట్టాడు. తన పేరే కదా! పాత కంపెనీ కోర్టుకెక్కింది. హోర్ష్ అనే పేరు కారు మీద ఉండాలంటే ఆ హక్కు తమదేనంది. కోర్టు కూడా ఆ మాటే అంది. అంటే ఆయన ఉత్తరం కింద సంతకం పెట్టుకోవచ్చు, ఇంటి తలుపు మీద బోర్డు పెట్టుకోవచ్చు. తన చేత్తో చేసిన కారు మీద మాత్రం తన పేరు రాసుకోకూడదు. మా తాతయ్య భాషలో చెప్పాలంటే, ఆడి పేరు ఆడిది కాకుండా పోయింది.

ఆ తర్వాత జరిగింది ఆయన ఆత్మకథలో చెప్పుకున్నదే. కొత్త పేరు కోసం అందరూ ఫ్రాంజ్ ఫికెన్‌చర్ అనే స్నేహితుడి ఇంట్లో కూర్చున్నారు. కంపెనీ పెట్టడానికి తోడు నిలిచినవాళ్లలో ఆయనొకడు. ఎవరికి తోచిన పేరు వాళ్లు చెబుతున్నారు, ఏదీ కుదరడం లేదు. అదే గదిలో ఓ మూల ఫికెన్‌చర్ గారి అబ్బాయి హైన్రిష్ స్కూల్లో ఇచ్చిన లాటిన్ పాఠం చదువుకుంటున్నాడు. మధ్యమధ్యలో తలెత్తి ఏదో చెప్పబోతాడు, మళ్లీ మింగేసుకుని పుస్తకంలో తల దూరుస్తాడు. పెద్దవాళ్లు మాట్లాడుకుంటుంటే పిల్లలు మధ్యలో దూరకూడదు కదా, అక్కడైనా మన ఇళ్లలోనైనా అంతే! చివరికి ఉండబట్టలేక అనేశాడు. ‘హోర్ష్’ అంటే జర్మన్‌లో ‘చెవి ఒగ్గి విను’ అని అర్థం కదా, దాన్నే లాటిన్‌లోకి మార్చి ‘ఆడి’ అందాం అని.

గదిలో ఉన్నవాళ్లందరికీ తెగ నచ్చేసింది. 1910 ఏప్రిల్‌లో కంపెనీ పేరు ఆడి అయింది. కోర్టు పేరుని లాక్కుంది గానీ అర్థాన్ని లాక్కోలేకపోయింది. మా కోడింగ్ వాళ్ల భాషలో అయితే వేరియబుల్ పేరు మారింది, లోపలున్న విలువ అలాగే ఉంది.

ఇది చదివి నవ్వుకున్నాను. నవ్వాక ఇంకో విషయం తట్టింది. ఆ పిల్లాడు నోరు తెరిచినప్పుడు ఎవరైనా ‘‘ఉండరా, పెద్దవాళ్లం మాట్లాడుకుంటున్నాం’’ అని ఉంటే? ‘విను’ అనే పేరు ఆ గదిలోనే పుట్టకుండా పోయేది. పెద్దవాళ్లు వినబట్టే ఆ పేరు దొరికింది.

ఈ ముక్క దగ్గర నాకు ఎందుకు గుచ్చుకుందో చెప్పాలి మీకు. పోయినేడు మా టీమ్‌లోకి ఓ ఇంటర్న్ అమ్మాయి వచ్చింది. నెమ్మదస్తురాలు. ఓ రిలీజ్‌కి ముందు రోజు వీడియో కాల్ పెట్టుకున్నాం. మీటింగ్ నడిపేది నేనే. ఆ అమ్మాయి పేరు పక్కన చెయ్యెత్తిన గుర్తు రెండుసార్లు కనిపించింది. రెండుసార్లూ ‘‘లాస్ట్‌లో తీసుకుందాం’’ అన్నాను. ఆ లాస్ట్ రానే లేదు, టైమ్ అయిపోయింది. అందరం థాంక్యూ చెప్పుకుని కాల్ కట్ చేశాం.

తెల్లవారుజామున మూడింటికి నా ఫోన్ మోగింది. కొత్త కోడ్ ఒకచోట తేదీలో రోజునీ నెలనీ తారుమారు చేస్తోంది. ఏప్రిల్ మూడు కాస్తా మార్చి నాలుగైపోయింది. ఇంకా గడువు ఉన్నవాళ్లకి కూడా ‘మీ గడువు దాటిపోయింది’ అని మెసేజ్‌లు వెళ్లిపోయాయి. పొద్దున్నదాకా కూర్చుని సరిచేశాం. ఆఫీసుకెళ్లాక ఆ అమ్మాయి మెల్లిగా నా డెస్క్ దగ్గరికొచ్చి ఫోన్‌లో ఓ స్క్రీన్‌షాట్ చూపించింది. ముందు రోజు మధ్యాహ్నం తీసినది. అందులో ఆ తప్పు తేదీ, దాని చుట్టూ ఎర్ర గీత. ‘‘నిన్న చెబుదామనుకున్నాను...’’ అని ఆగిపోయింది. ఆ తర్వాతి మాట తను అనలేదు. అనక్కర్లేదు కూడా. ఆ గదిలో నేను ఉండి ఉంటే హైన్రిష్‌కి కూడా ‘‘లాస్ట్‌లో తీసుకుందాం’’ అనేవాణ్ణి.

సరే, కథలోకి వద్దాం. ఆడి పేరుతో హోర్ష్ చేసిన కార్లు ఆల్ప్స్ కొండల్లో జరిగే కఠినమైన పోటీలకి వెళ్లాయి. 1911లో ఆయనే స్వయంగా స్టీరింగ్ పట్టుకుని, ఒక్క పెనాల్టీ పాయింట్ లేకుండా పూర్తిచేశాడు. 1912, 13, 14ల్లో ఆ పోటీ ఆడి జట్టుదే. ఇంకోపక్క ఆయన పాత కంపెనీ కూడా మూతపడలేదు. హోర్ష్ పేరుతోనే ఖరీదైన పెద్ద కార్లు చేసుకుంటూ పోయింది. ఒకే ఊళ్లో ఒకే మనిషి పెట్టిన రెండు కంపెనీలు, రెండు భాషల్లో ఒకే పేరుతో పోటీపడ్డాయన్నమాట.

ఇక అసలు మలుపు 1932లో. ప్రపంచమంతా ఆర్థిక మాంద్యం. సాక్సనీ ప్రాంతంలోని నాలుగు కార్ల కంపెనీలు కలిసి ఆటో యూనియన్ అనే ఒకే సంస్థ అయ్యాయి. ఆడి, డీకేడబ్ల్యూ, హోర్ష్, వాండరర్. మనం చూసే నాలుగు రింగులు ఆ నాలుగు కంపెనీలే. చూసుకోండి మరి, పోగొట్టుకున్న పేరూ కొత్తగా దొరికిన పేరూ చివరికి ఒకదానిలో ఒకటి అల్లుకున్న రింగులైపోయాయి. 1920లోనే ఆడి యాజమాన్యం నుంచి తప్పుకున్న హోర్ష్, ఈ కొత్త సంస్థ పర్యవేక్షక మండలిలోకి వచ్చాడు.

కథ ఇక్కడ ఆపేస్తే భలే ఉండేది. కానీ ఆ రింగుల మీద ఓ నల్ల మరక కూడా ఉంది. హిట్లర్ కాలంలో, యుద్ధం నడిచిన రోజుల్లో ఆటో యూనియన్ ఫ్యాక్టరీల్లో వేలమందిని బలవంతంగా తెచ్చి పని చేయించారు. సుమారు 3,700 మంది నిర్బంధ శిబిరాల ఖైదీలు ఆ కంపెనీ కోసం వెట్టిచాకిరీ చేశారు. ఇది బయటివాళ్లు వేసిన నింద కాదు. ఆడి కంపెనీ తనంతట తాను చరిత్రకారుల చేత చేయించిన అధ్యయనంలో తేలిన సంగతి. ఆ అధ్యయనం 2014లో బయటికొచ్చింది. యుద్ధం ముగిసిన దాదాపు డెబ్బై ఏళ్లకి. ఓ పిల్లాడి మాట విని పేరు తెచ్చుకున్న కంపెనీకి, తన గోడల లోపల మూలిగిన మనుషుల గొంతు అంత ఆలస్యంగా వినపడింది. వాళ్లలో చాలామంది అప్పటికి లేరు. ‘విను’ అని పేరు పెట్టుకోవడం వేరు, వినడం వేరు.

యుద్ధం తర్వాత త్స్వికావ్ సోవియట్ల చేతిలోకి వెళ్లింది. అక్కడి ఫ్యాక్టరీల్లోనే తర్వాత తూర్పు జర్మనీ వాళ్ల బుల్లి కారు ట్రాబాంట్ తయారైంది. ఆటో యూనియన్ 1949లో పశ్చిమాన ఇంగోల్‌స్టాట్‌లో మళ్లీ మొదలైంది కానీ, ఆ బళ్ల మీద డీకేడబ్ల్యూ పేరే ఉండేది. ఆడి పేరు అటకెక్కింది. అది అటక మీద ఉండగానే, 1951 ఫిబ్రవరిలో ఔగుస్ట్ హోర్ష్ 82 ఏళ్ల వయసులో కన్నుమూశాడు. పేరు కోసం అంత పోరాడిన మనిషి, తన రెండో పేరు మళ్లీ రోడ్డెక్కడం చూడలేదు.

1965లో ఫోక్స్‌వ్యాగన్ చేతికొచ్చాక కొత్త ఇంజిన్‌తో కారు తయారైంది. డీకేడబ్ల్యూ అంటే జనానికి పాత టూ-స్ట్రోక్ బండే గుర్తొస్తుందని, అటక మీది పేరు దింపి దులిపారు. ఆడి మళ్లీ వచ్చింది. 1985లో కంపెనీ మొత్తానికీ అదే పేరైంది. ఇక 2021లో చైనా మార్కెట్ కోసం తెచ్చిన ఓ పెద్ద కారుకి ఆడి వాళ్లు ‘హోర్ష్’ అని పేరు పెట్టుకున్నారు. ఏ కోర్టుకీ వెళ్లక్కర్లేదు, ఇప్పుడా పేరు వాళ్లదే.

పోయిన ఆదివారం తాతయ్య ఫోన్ చేశాడు. ‘‘ఒరేయ్...’’ అన్నాడో లేదో, నేనందుకున్నాను. ‘‘తాతయ్యా! ఆడి అంటే ఏంటని అడిగావు కదా. కనుక్కున్నా!’’ అని మొదలెట్టి, కమ్మరి కొలిమి, కోర్టు, మూల కూర్చున్న పిల్లాడు, నాలుగు రింగులు, ఇరవై నిమిషాలు ఊపిరి తీసుకోకుండా చెప్పాను. ఆయన ‘ఊఁ’ కొడుతూ అంతా విన్నాడు.

‘‘అయితే ఆడి అంటే విను అనా?’’ అన్నాడు చివర్లో.

‘‘అవును తాతయ్యా!’’

‘‘బాగుందిరా. ఇంతకీ నేనెందుకు ఫోన్ చేశానో వింటావా? గురువారం నాకు కంటి ఆపరేషన్. పక్కన ఎవరైనా ఉండాలంట.’’

సెలవు పెట్టేశాను. ఈ కాలమ్ పాలకొల్లు బస్సులో కూర్చుని టైప్ చేస్తున్నాను. ఇక ఆపుతాను. పక్క సీట్లో పెద్దాయన ఇందాకట్నుంచీ నాతో ఏదో చెప్పాలని చూస్తున్నారు.