ద్వారక కట్టినాయన

సూళ్లూరుపేటలో పొద్దున్నే చెన్నై రైలెక్కేవాళ్లకి ఎన్నూరు కొత్త కాదు. అక్కడికొచ్చేసరికి సగం మంది కునికిపాట్లు పడుతుంటారు. మిగతా సగం ఫ్యాక్టరీలు చూసి మొహం తిప్పుకుంటారు. 'మాయాబజార్'లో లాహిరి పాట కొంత ఆ ఎన్నూరు నీళ్ల మీదే తీశారంటే నమ్మబుద్ధి కాదు. మొన్న రైల్లో మా మేనత్తకి ఆ మాట చెబితే, "నీళ్లంటే ఈడివి. మరి ఆ ఊరంతా ఎవురు కట్టినారు నాయనా?" అంది.

మంచి ప్రశ్నే. ఘంటసాల పేరు చెప్పగలం. సావిత్రి సంగతి సరేసరి. కాస్త సినిమా పిచ్చి ఉంటే కెమెరా పట్టిన మార్కస్ బార్ట్‌లే పేరూ చెబుతాం. ఊరు కట్టినాయన దగ్గరే తడుముకుంటాం. 'గాన్ విత్ ద విండ్' (1939)కి పనిచేసిన విలియం కామెరాన్ మెంజీస్‌కి హాలీవుడ్ వాళ్లు ప్రొడక్షన్ డిజైనర్ అని కొత్త హోదానే ఇచ్చారు. మన టైటిల్స్‌లో 'కళ' అని ఒక్క ముక్క పడుతుంది. అప్పటికి మనమింకా సీటు వెతుక్కుంటూ ఉంటాం.

ఆ ముక్క పక్కనున్న పేరు మాధవపెద్ది గోఖలే. ఆయనతోపాటు కళాధర్. (మాధవపెద్ది అనగానే ఘటోత్కచుడికి పాడిన సత్యం గుర్తొస్తారు. ఆయన వేరు.) గోఖలే గుంటూరు జిల్లా బ్రాహ్మణకోడూరులో 1917లో పుట్టారు. మద్రాసు ఆర్ట్ స్కూల్లో దేవీప్రసాద్ రాయ్ చౌదురి దగ్గర బొమ్మలు నేర్చారు. కథలూ రాశారు. 'బల్లకట్టు పాపయ్య' ఆయనదే. పల్లెటూరి మనుషుల్ని దగ్గరగా చూసిన కన్ను కాబట్టే కాబోలు, విజయావారి 'షావుకారు' (1950)లో ఇళ్లు సెట్టుల్లా ఉండవు, కాపురాలు చేసినట్టుంటాయి. మరుసటి ఏడాదే 'పాతాళభైరవి'. వీధి అరుగుల నుంచి ఏకంగా మాంత్రికుడి గుహలోకి!

ఇక 1957లో 'మాయాబజార్'. ద్వారక కోసం యాభై అడుగులకి అరవై అడుగుల జాగాలో సుమారు 300 బుల్లి ఇళ్లు పెట్టి, ఇంటింటికీ విడిగా కరెంటు దీపం ఇచ్చారు. బొమ్మల కొలువుకి నాలుగు బల్బులు వెలిగించేసరికి మన తలప్రాణం తోకకొస్తుంది కదా! గింబళి అని పింగళి నాగేంద్రరావు రాసేశారు సరే, తెర మీద అది కదలాలంటే ఎవరో ఒకరు దాన్ని తయారు చేయించాలి. శకుని నిజం కక్కే సత్యపీఠమూ అంతే. మాయ వస్తువే అయినా, ఇంట్లో పీటంత మామూలుగా కనిపించాలి. అప్పుడే మనకి నవ్వొస్తుంది.

పైగా అది నలుపు తెలుపు చిత్రం. ఎరుపూ పచ్చా తెర మీద ఒకేలా బూడిదరంగులోకి దిగిపోవచ్చు. ఏ రంగు ఎంత నలుపవుతుందో ముందే ఊహించి సెట్టుకి పూత వేయించాలి. షూటింగ్ అయ్యాక ఆ సెట్టు పీకేస్తారు. మిగిలేది ఫిల్ము మీది వెలుగునీడలే. 2010లో ఈ సినిమాకి రంగులద్దారు. గోఖలే 1981లోనే పోయారు. కాబట్టి ఆ రంగులు కంప్యూటర్ ముందు కూర్చున్నవాళ్లు ఎంచినవి. పిల్లలు చూస్తున్నారు, సంతోషమే. నేను మాత్రం పాతదే పెట్టుకుంటాను.

ఇదంతా విని మా అత్త, "గోఖలేనా? ఆయన గాంధీ గారి గురువు గదా?" అంది.

"కాదత్తా, ఈయన మన తెలుగాయనే."

కాసేపు కిటికీలోంచి చూసి, చీర చెంగు కప్పుకుంది. "తిరిగొచ్చేటప్పుడు నిద్రపోతానేమో, ఎన్నూరు రాగానే నన్ను లేపు."