జర్మన్ పుస్తకాలు సదవాలంటే జర్మనీ బయట మొదలుపెట్టండి

"తెలుగు అక్షరాలే సరిగ్గా రాని పిల్లోళ్లకి జర్మన్ పుస్తకాలు ఎందుకప్పా?" అని మా పెద్దమ్మ అడిగింది. న్యాయమైన ప్రశ్నే. ఇక్కడ మామూలుగా మన ఊరి దేవర గురించి, వంశవృక్షం గురించి, అవ్వల వంటల గురించి రాసుకుంటాము. అయితే ఇప్పుడు హోసూరు, కృష్ణగిరి పక్క మన పిల్లోళ్లు శానామంది ఉద్యోగం కోసమో పై సదువు కోసమో జర్మన్ నేర్చుకుంటున్నారు. ఏ వన్, ఏ టూ పరీక్షలు రాస్తున్నారు. "భాష సరే, పుస్తకాలు ఏవి సదవాలి? ఇంగ్లీషులో దొరికేవి చెప్పు" అని అడిగేవాళ్లూ ఉన్నారు. ఎక్కడ వెతికినా గోథే, థామస్ మాన్, గుంటర్ గ్రాస్ అని ఒకే వరస కనిపిస్తుంది. వాళ్లు గొప్పోళ్లే, కాదనను. కానీ మనబోటి ఇండ్లకి నేను వేరే దారి చెప్తాను. జర్మనీ బయట, వేరే భాషల నడుమ బతికిన జర్మన్ రచయితల దగ్గర మొదలుపెట్టండి.

సాఫ్ట్‌వేర్ టెస్టింగ్‌లో ఒక అలవాటు ఉంది. ఒక పెట్టెలో 1 నుంచి 100 దాకా అంకెలు పట్టాలంటే మేము 50 వేసి చూసి ఊరుకోము. 0, 1, 100, 101 వేసి చూస్తాము. తప్పులు శానావరకు అంచులోనే దొరుకుతాయి. భాషకూ అంతే అని నా నమ్మకం. నడిమధ్యలో ఉండేవాళ్లకి తమ భాష గాలి మాదిరి, ఉందని కూడా తెలీదు. అంచులో ఉండేవాళ్లకి దినమూ తెలుస్తుంది.

జర్మనీ మనకి అంత దూరం కూడా కాదు. తెలుగులో మొదట అచ్చయిన పుస్తకాలు 1746లో జర్మనీలోని హాలే ఊర్లో అచ్చయినాయి. రాసింది బెంజమిన్ షుల్జ్ అనే జర్మన్ పాదిరి, మద్రాసులో ఉండి తెలుగు నేర్చుకున్నోడు. నేను సదివింది కన్నడ మీడియంలో. మాకు నిఘంటువంటే కిట్టెల్ నిఘంటువే. 1894లో వచ్చిన ఆ పుస్తకం రాసిన ఫెర్డినాండ్ కిట్టెల్ కూడా జర్మనోడే. వాళ్లు మన భాషల కోసం అంత పాటుపడినప్పుడు, వాళ్ల కథలు నాలుగు సదివితే మనకి నష్టమేమీ లేదు.

మొదటి పుస్తకం ఎలియాస్ కనెట్టి రాసిన 'ది టంగ్ సెట్ ఫ్రీ'. 1977లో వచ్చింది. ఇది నవల కాదు, ఆయన చిన్నతనం కథ. కనెట్టి 1905లో బల్గేరియాలో, డాన్యూబ్ నది ఒడ్డున రూసే అనే ఊర్లో పుట్టినాడు. ఇంట్లో పాత స్పానిష్, వీధిలో బల్గేరియన్, ఇంకా ఎన్నో భాషలు. అమ్మా నాయనా మాత్రం వాళ్లిద్దరి మధ్య జర్మన్‌లో మాట్లాడుకునేవాళ్లు, బిడ్డకి అర్థం కాకూడదని. నాయన చనిపోయినాక అమ్మ అతనికి జర్మన్ నేర్పిస్తుంది. పుస్తకం చేతికివ్వకుండా, వినిపించి, మరుసటి దినం తప్పు చెప్తే తిట్టి నేర్పిస్తుంది. అట్ల నేర్చుకున్న భాషలోనే జీవితమంతా రాసి 1981లో నోబెల్ తెచ్చుకున్నాడు. ఇంట్లో తెలుగు, బడిలో కన్నడమో తమిళమో, ఆఫీసులో ఇంగ్లీషు అని బతికే మనకి ఈ పుస్తకం అర్థం చేసుకోవడానికి ఎవురూ ముందుమాట రాయనక్కర లేదు.

రెండోది హెర్టా ముల్లర్ రాసిన 'ది హంగర్ ఏంజెల్'. ఆమె రుమేనియాలో బనాట్ అనే సీమలో, జర్మన్ మాట్లాడే పల్లెలో 1953లో పుట్టింది. ఆ జర్మన్లు 18వ శతాబ్దంలో అక్కడికి వలసపోయినోళ్లు. విజయనగరం కాలంలోనూ ఆ తరువాతా మనోళ్లు ఈ పక్కకి వచ్చి చేను చేసుకున్నట్లే అనుకోండి. 1945లో, యుద్ధం చివర్లో, రుమేనియాలోని జర్మన్లను సోవియట్ కూలి శిబిరాలకి తోలినారు. ముల్లర్ తల్లి అయిదేండ్లు అక్కడ ఉండి వచ్చింది. ఊర్లో దాని గురించి ఎవురూ నోరు విప్పేవాళ్లు కాదు. ఆ మౌనం నుంచి పుట్టిన నవల ఇది. 2009లో వచ్చింది, అదే ఏడు ఆమెకి నోబెల్ వచ్చింది.

ముల్లర్ గురించి ఇంకో సంగతి చెప్పకుండా ఉండలేను. ఆమె మొదటి కథల పుస్తకం 1982లో వచ్చినప్పుడు సొంత జనమే ఆమె మీద కోపం చేసుకున్నారు. మన పల్లె అందం రాయకుండా, తాగుడూ దెబ్బలూ భయమూ రాస్తావా అని. తన నాయన హిట్లర్ సైన్యంలో పనిచేసిన సంగతి కూడా ఆమె దాచలేదు. వారసత్వం పేరుతో రాసే మనమంతా ఇక్కడ ఒక్క నిమిషం ఆగాల. మన రాతల్లో తాతలంతా దానశీలులు, అవ్వలంతా అన్నపూర్ణలు. ఊరి బావి దగ్గర ఎవురు దూరంగా నిలబడినారో, ఎవురి ఇంట్లో ఆడబిడ్డలకి సదువు లేకుండా చేసినారో ఎక్కడా ఉండదు. భాష మీద ప్రేమ ఉంటే దాంట్లో నిజం కూడా చెప్పాల. లేకుంటే పిల్లోళ్లు మన మాట నమ్మరు.

మూడోది చారిత్రక నవల, జోసెఫ్ రోత్ రాసిన 'ద రాడెట్‌స్కీ మార్చ్', 1932. రోత్ పుట్టిన బ్రోడీ ఇప్పుడు ఉక్రెయిన్‌లో ఉంది. యుద్ధంలో చక్రవర్తి ప్రాణం కాపాడిన ఒక చిన్న సైనికుడు, అతని కొడుకు, మనవడు, వాళ్లతోబాటే కూలిపోయే ఆస్ట్రియా సామ్రాజ్యం, ఇదీ కథ. దాంట్లో నాకు శానా ఇష్టమైన భాగం ఒకటుంది. ఆ సైనికుడు తను చేసిన పని బడి పుస్తకంలో పాఠంగా అచ్చయింది చూస్తాడు. అంతా పెంచి, పూసి రాసినారు. "ఇది అబద్ధం" అని అతను చక్రవర్తి దాకా పోతాడు. చారిత్రక నవల సదివే ప్రతిసారీ ఈ ఒక్క ప్రశ్న వెంట పెట్టుకోండి: ఇది నిజంగా జరిగిందా, లేక బడి పుస్తకం కోసం పెంచినారా?

నాలుగోది నవ్వుకుంటూ సదివేది, డానియెల్ కేల్మన్ రాసిన 'మెజరింగ్ ద వర్ల్డ్', 2005. లోకాన్ని కొలవాలని బయలుదేరిన హంబోల్ట్, ఇంట్లో కూర్చునే కొలిచిన గణితవేత్త గౌస్, వీళ్లిద్దరి కథ. దీన్ని సదువుతుంటే నాకు మన బారామహలే గుర్తొచ్చింది. 1792లో టిప్పు సుల్తాన్ ఈ సీమను కంపెనీకి వదులుకున్నాక, అలెగ్జాండర్ రీడ్, థామస్ మన్రో ఇక్కడి చేలు కొలిపించి శిస్తు కట్టినారు. రైతువారీ పద్ధతి మొదలైంది ఈ పక్కనే. ఆ కొలత గొలుసు లాగినోళ్లు, లెక్క రాసిన కరణాలు, శిస్తు ఎక్కువైందని మొత్తుకున్న రైతులు, వాళ్లలో ఏ ఒక్కరూ మన నవలల్లో లేరు.

"చారిత్రక నవలలు తెలుగులోనే ఉన్నాయి కదా?" అని అడుగుతారు. ఉన్నాయి. అడివి బాపిరాజు, నోరి నరసింహశాస్త్రి సదవండి. అయితే వాళ్ల కథలు శానావరకు రాజులవి, రాజధానులవి. మనకి దగ్గర్లోనే ఇంకో దారి ఉంది. హోసూరుకు ఆనుకుని ఉండే మాలూరు తాలూకాలో పుట్టిన మాస్తి వెంకటేశ అయ్యంగార్ 'చిక్కవీర రాజేంద్ర' రాసినాడు. 1983లో జ్ఞానపీఠం వచ్చింది. కొడగు చివరి రాజు కథే, కానీ పొగడ్త లేదు. రాజు తప్పులూ, చుట్టూ ఉన్నోళ్ల పిరికితనమూ, కంపెనీ కుట్రా అన్నీ ఉన్నాయి. పైగా మాస్తి ఇంటి భాష తమిళం, రాసింది కన్నడం. ఇది కూడా అంచు సాహిత్యమే.

ఇంగ మన సంగతికి వస్తాను. జగదేవరాయలు, హైదర్, టిప్పు అని రాజుల కథలు రాయొచ్చు. నాకు కావాల్సిన నవల అది కాదు. 1956లో రాష్ట్రాల గీతలు గీసినప్పుడు మూడు భాషల మధ్య ఉన్న ఒక ఇల్లు కావాల. 2006లో తమిళం తప్పనిసరి చేస్తూ చట్టం వచ్చినాక తెలుగు, కన్నడ బడుల్లో సదివే పిల్లోళ్ల ఇండ్లలో జరిగిన మాటలు కావాల. తమిళం నేర్చుకోవద్దని కాదు, ఇక్కడ బతికేవాళ్లకి అది కావాల్సిందే. కానీ ఆ పక్కనే ఇంటి భాష మెల్లగా సన్నబడడం ఎట్లుంటాదో ఎవురో ఒకరు రాయాల. హోసూరు పక్క మాటలోనే కథలు రాసేవాళ్లు ఇప్పుడు ఉన్నారు, పుస్తకాలూ వచ్చినాయి. నవలంత పెద్దగా, రెండు మూడు తరాలను కలుపుకుని ఇంకా రావాల.

పెద్దమ్మకి నేను చెప్పిన జవాబు ఇదే. తెలుగు వదిలేసి జర్మన్ పట్టుకోమని కాదు. మనబోటోళ్లు లోకంలో వేరే చోట ఉన్నారనీ, వాళ్లు ఇంటి మాటలోనే గొప్ప పుస్తకాలు రాసినారనీ తెలిస్తే, "మన తెలుగు అసలు తెలుగు కాదు" అని సిగ్గుపడే బిడ్డకి కొంచెం ధైర్యం వస్తాది.

వరస ఇట్ల పెట్టుకోండి: ముందు కేల్మన్, తరువాత కనెట్టి, ఆ పైన రోత్, చివరికి ముల్లర్. ముల్లర్‌ను పదహారు, పదిహేడేండ్లు దాటినోళ్లకే ఇవ్వండి, బరువు ఎక్కువ. ఇంగ్లీషులో సదివినా ఆదివారం ఆ కథను ఇంట్లో అవ్వకి తెలుగులో చెప్పమనండి. మాట దొరక్క ఆగిన చోట అవ్వ అందిస్తాది. ఆ మాట ఒక నోటుబుక్కులో రాసి పెట్టుకోండి, తెలుగు అక్షరాల్లోనే.